'కౌమ్: అరబ్' – మా అమ్మాయి సర్టిఫికెట్ కోసం 69 రోజులు

2025 మార్చి నెల, రంజాన్ రోజాలు నడుస్తున్నాయి. ఇఫ్తార్ గిన్నెలు కడిగి వచ్చేసరికి మా అమ్మాయి ఫోన్‌లో ఇంజినీరింగ్ ఎంట్రన్స్ ఎప్‌సెట్ ఫారం నింపుతూ కూర్చుంది. "అమ్మీ, కేటగిరీ ఏం పెట్టాలి?" అంది. "బీసీ పెట్టు" అన్నాను. తల కూడా ఎత్తలేదు నేను. "అది నీది అమ్మీ. అబ్బాది ఏంది?"

నా దగ్గర జవాబు లేదు. పెళ్లై పంతొమ్మిదేళ్లు. ఈ ఇంటి కులం ఏమిటో కాగితం మీద రాయాల్సిన అవసరం ఒక్కసారీ రాలేదు.

నేను గద్వాల వైపు నూర్‌బాషా ఇంటి ఆడపిల్లను. మా నాన్న దూది ఏకి పరుపులు కుట్టేవాడు. మా ఇంట్లో తెలుగే. చదువుకున్నది తెలుగు మీడియం, ఇప్పుడు ఒక ప్రైవేటు బడిలో చెప్పేది కూడా తెలుగే. దూదేకుల, నూర్‌బాషా బీసీ-బి కిందికి వస్తాయి కాబట్టి పదో తరగతి నుంచి ఆ సర్టిఫికెట్ నా చేతిలోనే ఉంది. 2006లో హైదరాబాద్‌లోని బార్కస్ కోడలినయ్యాను. అప్పటిదాకా నేను చూసిన ముస్లిం ఇళ్లు వేరు, ఇది వేరు. పొద్దున్నే గోధుమ, మాంసం కలిపి మెత్తగా ఉడికించిన హరీస్ మీద నెయ్యి, చక్కెర వేసుకుని తింటారు. చాయ్ ఉంటుంది, దాని పక్కనే సొంఠి ఘాటుతో గహ్వా కూడా ఉంటుంది. మగవాళ్లు లుంగీల మీదే బజారుకు పోతారు. పెళ్లిలో మర్ఫా వాద్యం మోగిందంటే ముసలివాళ్లు కూడా చేతిలో కర్ర పట్టుకుని కత్తిలా తిప్పుతారు. బార్కస్ అంటే ఏమిటని కొత్తలో అడిగితే మా ఆయన "బ్యారక్స్" అన్నాడు. యెమెన్‌లోని హద్రమౌత్ నుంచి వచ్చి నిజాం దగ్గర సిపాయిలుగా చేరిన అరబ్బులు ఉన్న చోటు ఇది. పక్క బస్తీ పేరు సలాలా. ఒమన్‌లో ఉన్న ఊరి పేరే తెచ్చి పెట్టుకున్నారు.

కేటగిరీ సంగతి నాకు నవంబరులోనే తట్టాల్సింది. కులగణనకు వచ్చిన టీచరమ్మ మా వాకిట్లో నిలబడి కులం అడిగితే మా ఆయన "అరబ్" అన్నాడు. ఆమె చేతిలో పుస్తకం చాలాసేపు తిప్పింది. "షేక్ అని రాయనా సార్?" అంది. "నక్కో మేడమ్, అరబ్ అనే రాయండి." ఆమె ఏదో రాసుకుంది, సంతకం పెట్టించుకుంది, పోయింది. ఫిబ్రవరిలో లెక్కలు చెప్పారు: రాష్ట్రంలో ముస్లింలు 12.56 శాతం, అందులో బీసీ ముస్లింలు 10.08, ఓసీ ముస్లింలు 2.48. టీవీలో విని మరిచిపోయాను. ఆ 2.48లో నా పిల్లలున్నారని అప్పుడు తోచలేదు.

మార్చిలో ఆ రాత్రికి ఫారంలో బీసీ-ఇ, అంటే ముస్లిం వర్గాలకున్న కోటా, పెట్టి పంపాం. కౌన్సెలింగ్ నాటికి సర్టిఫికెట్ తెచ్చుకోవచ్చులే అనుకున్నాం.

ఏప్రిల్ 9, బుధవారం. మీసేవకు పోయాం. ఆధార్, పదో తరగతి మెమో, టీసీ, రేషన్ కార్డు, ఫొటో పట్టుకుపోయాను. 45 రూపాయలు. మొదటి చిక్కు కులం దగ్గర కాదు, పేరు దగ్గర వచ్చింది. అరబ్ ఇళ్లలో మగపిల్లవాడి పేరు తర్వాత 'బిన్' అని, ఆడపిల్ల పేరు తర్వాత 'బింతె' అని పెట్టి తండ్రి పేరు రాస్తారు. ఫలానా వాడి కొడుకు, ఫలానా వాడి కూతురు అని అర్థం. మెమోలో మా అమ్మాయి పేరు బింతెతో సహా పూర్తిగా ఉంది. ఆధార్‌లో బింతె లేదు. మీసేవ ఫారంలో ఇంటిపేరు గడి ఖాళీ వదిలితే ముందుకు కదలదు. ఆపరేటరు పిల్లవాడు మా ఆయన ఆధార్ చూసి ఆ గడిలో 'బిన్' అని కొట్టాడు. "బిన్ ఇంటిపేరు కాదు బాబూ, కొడుకు అని దాని అర్థం. ఆడపిల్లకు ఎట్లా పెడతావు?" అంటే "ఏదో ఒకటి పెట్టాలి మేడమ్" అన్నాడు. కులం జాబితాలో అరబ్ కనబడలేదు. 'ఇతర ముస్లిం వర్గాలు' అని ఉంటే అది నొక్కాడు. నాకూ అదే సరైనదనిపించింది.

ఏప్రిల్ 24న ఫోన్‌కు మెసేజ్ వచ్చింది: తిరస్కరించారు. కారణం రాయలేదు. 28న బడికి సగం పూట సెలవు పెట్టి తహసీల్దారు ఆఫీసుకు పోయాను. రెండు గంటలు బెంచీ మీద కూర్చున్నాక లోపలికి పిలిచారు. అక్కడి గుమాస్తా నా మీద విసుక్కోలేదు. ఆ మాట చెప్పాలి. ఒక కాగితం తీసి నా ముందు పెట్టాడు. బీసీ-ఇ జాబితా, 2007 చట్టంలోది. "చదువుకోండి మేడమ్, మీరు టీచరు కదా" అన్నాడు.

చదివాను. ముందు పద్నాలుగు వర్గాల పేర్లున్నాయి. చివర ఇతర ముస్లిం వర్గాలు అని రాసి, కిందనే వీళ్లు తప్ప అని ఇంకో వరుస ఉంది. సయ్యద్, మొగల్, పఠాన్, ఇరానీ, అరబ్, బోహ్రా, ఖోజా, కచ్చి మెమన్, జమాయత్, నవాయత్. అరబ్ దగ్గర నా వేలు ఆగిపోయింది.

పైన పద్నాలుగింటిలో 'సిద్ది, హబ్షీ' ఉంది. ఆఫ్రికా నుంచి వచ్చి నిజాం అశ్వదళంలో పనిచేసిన వాళ్ల వారసులు. వాళ్లకు దక్కడం న్యాయమే, అందులో నాకు రెండో మాట లేదు. కానీ ఇద్దరూ ఒకే నిజాం దగ్గర సిపాయిలు. ఇద్దరూ సముద్రం దాటి వచ్చారు. మా బస్తీ పెళ్లిలో మోగే మర్ఫా కూడా ఇద్దరిదీ. ఒకరిని లోపల, ఒకరిని బయట ఎందుకు ఉంచారో ఆ కాగితంలో లేదు. అరబ్ అనగానే ప్రవక్త పుట్టిన నేల, పెద్ద వంశం అనుకుని ఉంటారు. నా మొగుడు క్యాబ్ నడుపుతాడు. పెద్ద మరిది జామకాయల బండి పెడతాడు. చిన్న మరిది రియాద్‌లో ఏసీలు బాగుచేస్తాడు. ఆటోలో ఇంటికి వస్తూ ఇవన్నీ గుమాస్తాతో చెప్పనందుకు నన్ను నేను తిట్టుకున్నాను. చెప్పినా ఆయన చేయగలిగింది లేదు.

ఆఫీసు బయట జిరాక్స్ దుకాణం దగ్గర ఒకాయన నా వెనకే వచ్చాడు. "షేక్ అని పెట్టించుకోండి మేడమ్, మూడు వేలు. టీసీలో ఒక్క మాట రాయిస్తే చాలు, తక్కినది నేను చూసుకుంటా" అన్నాడు. షేక్ పద్నాలుగింటిలో ఉంది. మా చుట్టాల్లో ఒకరి పిల్లలకు అట్లాగే వచ్చింది కూడా. వాళ్ల నాన్నను బడిలో వేసినప్పుడు హెడ్‌మాస్టరు తనంతట తానే షేక్ అని రాశాడట. ఒకే గోడకు అటు ఇటు ఉన్న ఇళ్లు. అటు బీసీ, ఇటు ఓసీ.

నిజం చెప్తున్నాను, నేను ఆ మూడు వేలు ఇద్దామనే అనుకున్నాను. మా ఆయన ఒప్పుకోలేదు. "మా అబ్బా పేరు ముందు లేనిది నా బిడ్డ పేరు ముందు ఎట్లా పెడతావు?" అన్నాడు. నాకు ఒళ్లు మండిపోయింది. "మీ పేరు, మీ గొప్ప! జెడ్డాలో తొమ్మిదేళ్లు ఉంటివి, అక్కడ నిన్ను ఏమని పిలిచిండ్రు? హిందీ, అంటే ఇండియావాడు అన్లేదా? వాళ్లకు లేని అరబ్బుతనం నీకెందుకు?" అనేశాను. అనకూడని మాట. రెండు రోజులు నాతో మాట్లాడలేదు. నాకు కూడా అన్నం దిగలేదు.

మూడో రోజు ఒక ఆలోచన వచ్చింది. పాత కాగితాల్లో ఎక్కడైనా షేక్ అని ఉంటే? అప్పుడది అబద్ధం కాదు కదా. మే 4, ఆదివారం నాడు అత్తమ్మను అడిగి ఆమె ఇనుప సందూకు తెరిపించాను.

నాఫ్తలీన్ వాసన. పైన ఆమె పెళ్లినాటి ఖడా దుపట్టా, కింద ఒక తోలు ఒర. జంబియా ఒర అది, నడుముకు కట్టుకునే వంపు కత్తిది. కత్తి లేదు. పోలీసు చర్య తర్వాత ఆయుధాలన్నీ అప్పగించమంటే మా ఆయన తాత కత్తి ఇచ్చేసి ఒర దాచుకున్నాడని అత్తమ్మ చెప్పింది. ఒర అడుగున బిస్కెట్ల డబ్బా, అందులో కాగితాలు. ఇంటి పన్ను రసీదులు, మామయ్య పాస్‌పోర్టులు మూడు, యెమెన్‌లోని ఏడెన్ స్టాంపులున్న కవర్లు నాలుగు, ఇంకా నాలుగు మడతలు పెట్టిన గోధుమరంగు కాగితం ఒకటి. మడతల దగ్గర చిరిగి ఎవరో వెనక నుంచి పతంగి కాగితం అతికించారు. గుండ్రటి ముద్ర ఉంది, సగం చెరిగింది.

ఖురాన్ చదవడానికి నేర్చుకున్న అక్షరాలు నాకు వచ్చు గానీ చేతిరాత ఉర్దూ రాదు. షీన్, యే, ఖే, కలిపితే షేక్. ఆ మూడక్షరాల కోసమే కాగితం అంతా వెతికాను. దొరకలేదు.

నేను కాగితం మీద వేలు పెట్టి వెతుకుతుంటే అత్తమ్మ చెప్పుకుంటూ పోయింది. ఆమె ఎప్పుడూ ఇంత మాట్లాడగా నేను వినలేదు. తాతకు ఒక అన్న ఉండేవాడట. తాత ఇక్కడే పుట్టాడు, తల్లి హైదరాబాదీ. అట్లా ఇక్కడ పుట్టినవాళ్లను మువల్లద్ అంటారు. అన్న మాత్రం తండ్రి మొదటి భార్య కొడుకు, హద్రమౌత్‌లో పుట్టి పెద్దయ్యాక వచ్చాడు. అలాంటివాళ్లు విలాయతీ. అన్నదమ్ములిద్దరూ నజ్మె జమీయత్‌లోనే, నిజాం వారి ఆ ఫౌజులోనే కొలువు చేశారు. 1948 సెప్టెంబరులో హైదరాబాదు లొంగిపోయాక అరబ్బులను చాలామందిని పట్టుకుని నిర్బంధంలో పెట్టారు. బయటి దేశంలో పుట్టినవాళ్లను బొంబాయి నుంచి ఓడలెక్కించి ఏడెన్‌కు పంపించేశారు. అట్లా అన్న వెళ్లిపోయాడు. తమ్ముడు మిగిలాడు. అన్న ఇక్కడ కట్టుకున్న భార్య కూడా మిగిలింది, ఆమెది ఈ ఊరే. ఆ ఓడలో ఆమెను ఎవరూ ఎక్కించలేదు, ఆమె ఎక్కుతాననీ అనలేదు.

హద్రమౌత్ రేవు పట్నం ముకల్లా నుంచి ఏడాదికో రెండేళ్లకో అన్న ఉత్తరం వచ్చేది. ప్రతి ఉత్తరంలో పెరట్లో జామచెట్టు కాస్తోందా అని అడిగేవాడట. చివరి ఉత్తరం 1967లో వచ్చింది. ఆ ఏడాదే అక్కడ అల్-ఖుఐతీ సుల్తానుల రాజ్యం పడిపోయింది, నవంబరు 30 నాటికి ఇంగ్లీషువాళ్లు ఏడెన్ వదిలి పోయారు. ఆ సుల్తానుల పూర్వీకుడు కూడా హైదరాబాదులో జమేదారుగా సంపాదించిన డబ్బుతోనే అక్కడ రాజ్యం కట్టుకున్నాడు. అది బార్కస్‌లో ముసలివాళ్లందరికీ తెలిసిన కథ. తర్వాత ఏం జరిగిందో, ఆ అన్న ఎప్పుడు చనిపోయాడో, పిల్లలున్నారో లేదో ఈ ఇంట్లో ఎవరికీ తెలియదు. నేను వెతికింది మూడక్షరాల కోసం. దొరికింది ఇది. ఆ కవర్లను ఎట్లా తీశానో అట్లాగే పెట్టేశాను, చేతులు వణికాయి.

మే 6న ఆ గోధుమరంగు కాగితం తీసుకుని ఛత్తా బజార్ పోయాను. పెళ్లి కార్డుల ప్రెస్సుల మధ్య ఇంకా ఒకరిద్దరు కాతిబ్‌లు, ఉర్దూ చేత్తో రాసేవాళ్లు, ఉన్నారు. ఒక పెద్దాయన ముందు పెట్టాను. కళ్లద్దాలు తుడుచుకుని, కాగితాన్ని వెలుతురుకు ఎత్తి పట్టుకుని, ఒక్కో గడి చదువుతూ పోయాడు. "వల్దియత్" తండ్రి పేరు. "జాయె పైదాయిష్ – బల్దా." పుట్టిన చోటు పట్నం. "పైదాయిష్ – 1330 ఫస్లీ." నా మొహం చూసి "590 కలుపు బేటీ, 1920 వస్తది" అన్నాడు. తర్వాత "కౌమ్ – అరబ్." జాతి అరబ్. చివర పెద్దక్షరాలతో ఉన్న మాట దగ్గర ఆగి నవ్వాడు. "ముల్కీ. ఇది ముల్కీ సర్టిఫికెట్."

నేను తెలంగాణలో పుట్టి పెరిగినదాన్ని. ముల్కీ అనే మాట పాఠంలో చెప్పాను, పిల్లలతో రాయించాను. నిజాం రాజ్యంలో పుట్టినవాడు, లేదా పదిహేనేళ్లు ఇక్కడ ఉండిపోయి ఇదే నా ఇల్లు అన్నవాడు ముల్కీ. కొలువుల్లో ముందు వరుస అతనిది. ఆ మాట మా ఇంటి తాత పేరు కింద ఉంటుందని ఎప్పుడూ అనుకోలేదు. ఒకే కాగితంలో పై గడిలో అరబ్, కింది గడిలో ముల్కీ. రాసినవాళ్లకు ఆ రెండింటికీ మధ్య తగాదా కనబడలేదు. అన్నను బయటివాడని ఓడెక్కించారు, తమ్ముడి పేరు మీద ఈ కాగితం ఉంది.

కాతిబ్ సాబ్ తర్జుమా రాసి, సంతకం చేసి 600 తీసుకున్నాడు. లామినేషన్ చేయించొద్దని రెండుసార్లు చెప్పాడు. పాత సిరా వేడికి కరిగి అంటుకుపోతుందట, ప్లాస్టిక్ కవరులో ఊరికే పెట్టుకోమన్నాడు. ఇంట్లో పాత కాగితాలున్న వాళ్లకు ఇది నేను మళ్లీ చెప్తున్నాను.

ఇంటికి వచ్చి ఆ తర్జుమా మా ఆయన చేతిలో పెట్టాను. చదివాడు, మళ్లీ చదివాడు. "షేక్ లేదు కదా" అన్నాడు. "లేదు" అన్నాను. ఆ మాటతో మా మధ్య అలక పోయింది. జెడ్డా మాట అన్నందుకు తప్పైందని కూడా చెప్పాను.

మరి పిల్ల సంగతి? మే 11, ఆదివారం ఎప్‌సెట్ ఫలితాలు వచ్చాయి. ర్యాంకు ముప్పై వేలు దాటింది. ఓసీలో అడిగిన కాలేజీ కష్టం. దారి చూపింది మా బడిలో సోషల్ చెప్పే మేడమ్. వాళ్లు రెడ్లు. "మా బాబుకు ఈడబ్ల్యూఎస్ తీసుకున్నాం గదమ్మా, మీరు ఏ రిజర్వేషన్‌లోకీ రాకపోతే మీకూ వస్తది. ఎనిమిది లక్షల లోపు ఆదాయం ఉంటే చాలు" అంది. పేదవాళ్లైన ఓసీల కోసం 2019లో కేంద్రం తెచ్చిన పది శాతం కోటా ఇది. ముస్లింలకు కూడా వర్తిస్తుందని మా బస్తీలో నేను అడిగిన పదిమందిలో ఎనిమిది మందికి తెలియదు. నాకూ తెలియదు. బీసీ-ఇ నుంచి బయట పెట్టిన ఆ వరుసే, అరబ్ అనే ఆ మాటే ఇక్కడ లోపలికి దారి. షేక్ అని రాయించి ఉంటే ఇది పోయేది.

మే 15న మళ్లీ మీసేవ, మళ్లీ 45. అంతకు ముందే ఆధార్‌లో పేరు సరిచేయించాను. 50 రూపాయలు, ఎనిమిది రోజులు పట్టింది. ఈసారి మెమోలో ఎట్లా ఉందో అక్షరం పొల్లుపోకుండా అట్లాగే కొట్టించాను. మీ ఇంట్లో పేర్లలో బిన్, బింతె, బా, అల్ ఉంటే ముందు ఆధార్, మెమో పక్కపక్కన పెట్టి చూసుకోండి. దరఖాస్తు తర్వాతి పని.

ఆదాయం దగ్గర ఇబ్బంది రాలేదు. ఆయనవీ నావీ కలిపి ఏడాదికి నాలుగు లక్షల పైచిలుకు. బెంగంతా ఇంటి దగ్గర పట్టుకుంది. కేంద్రం పెట్టిన షరతుల్లో పట్టణంలో 100 గజాల ఇంటి జాగా ఉంటే ఈడబ్ల్యూఎస్ రాదు. మా అమ్మాయి జేఈఈ కూడా రాసింది, అక్కడ కూడా పనికొచ్చేట్టు తీసుకుందామనుకున్నాం. మా ఇల్లు 138 గజాలు. అది వినగానే ఆపరేటరు "కష్టం మేడమ్" అన్నాడు. ఆ రోజు దరఖాస్తు పెట్టకుండానే తిరిగి వచ్చేదాన్ని. పక్కనే కూర్చున్న నోటరీ వకీలు ఇల్లు ఎవరి పేరున ఉందని అడిగాడు. మామయ్య పేరున. ఆయన 2012లో పోయారు. పంపకాలు కాలేదు. వకీలు వేళ్ల మీద లెక్క కట్టాడు: భార్యకు ఎనిమిదో వంతు, మిగిలినది ముగ్గురు కొడుకులు, ఒక కూతురి మధ్య, కొడుకుకు రెండు, కూతురుకు ఒకటి. మా ఆయన వాటా సరిగ్గా నాలుగో వంతు, 34.5 గజాలు. అది రాసి, అత్తమ్మతో, పెద్ద మరిదితో, ఆడబిడ్డతో సంతకాలు పెట్టించాం. రియాద్‌లో ఉన్న చిన్న మరిది సంతకం కోసం మళ్లీ గుండె గుబేలుమంది గానీ, దరఖాస్తుదారు అఫిడవిట్, ఇంట్లో ఉన్నవాళ్ల సంతకాలు చాలన్నారు. స్టాంపు పేపరు, నోటరీ కలిపి 350. మామయ్య పేరున్న ఇంటి పన్ను రసీదు అడిగితే, అది ఆ బిస్కెట్ల డబ్బాలోనే దొరికింది.

తర్వాత ఎదురుచూపు. ఈ రోజులే అన్నిటికంటే బరువుగా గడిచాయి. పొద్దున లేవగానే మీసేవ నంబరు కొట్టి చూడడం, 'విచారణలో ఉంది' అని రావడం, ఫోన్ పక్కన పెట్టడం. మా అమ్మాయి అడగడం మానేసింది. అడగకపోతేనే నాకు ఎక్కువ భయమేసేది.

మే 29న విచారణకు గిర్దావర్ (రెవెన్యూ ఇన్‌స్పెక్టర్) సార్ వచ్చారు. ముందు ఫోన్ చేయలేదు. నేను బియ్యం కడుగుతున్నాను. టేపు తీసి గది గది కొలిచారు. బీరువా ఉందా, ఏసీ ఉందా, బండి ఎవరిది, అన్నీ అడిగి రాసుకున్నారు. క్యాబ్ లోనుదని బ్యాంకు కాగితం చూపించాం. అత్తమ్మ గహ్వా పెట్టి తెచ్చింది. ఆయన ఒక గుక్క తాగి, "ఎక్కడ్నుంచి వచ్చిండ్రమ్మా మీరు?" అని అడిగారు. వాకబు చేసినట్టు కాదు, మాట కలిపినట్టే. అత్తమ్మ తెలుగులోనే చెప్పింది: "ఎక్కడ్నుంచి రాలే సారూ. గిక్కడ్నే పుట్టినం." అని లోపలికి పోయి ప్లాస్టిక్ కవరు తెచ్చి ఇచ్చింది. దరఖాస్తుతో దానికి పని లేదు, ఎవరూ అడగలేదు. ఆయన తర్జుమా చదివి, అసలు కాగితాన్ని కవరులోంచి తీయకుండానే రెండు చేతులా పట్టుకుని చూశారు. "1952ల ముల్కీ లొల్లి గురించి మా నాయిన చెప్తుండె" అన్నారు. ఇంకేమీ అనలేదు. గహ్వా మొత్తం తాగి పోయారు.

జూన్ 7న బక్రీద్. ఆఫీసు వైపు నుంచి ఉలుకూ పలుకూ లేదు. 12న బళ్లు తెరిచారు. 13న పోయి అడిగితే సంతకానికి పైన ఉందన్నారు. 16, సోమవారం సాయంత్రం చివరి పీరియడ్‌లో కాపీలు దిద్దుతుంటే మెసేజ్ వచ్చింది. మంజూరైంది. నేను తరగతిలోనే కూర్చుండిపోయాను. పిల్లలు "ఏమైంది టీచర్?" అన్నారు. 17న ప్రింటు తీసుకున్నాను. మొదటి దరఖాస్తు నుంచి 69 రోజులు, ఈడబ్ల్యూఎస్ ఒక్కటే లెక్కేస్తే 33.

ఆ సాయంత్రం అత్తమ్మ సర్టిఫికెట్ చేతిలోకి తీసుకుని ముద్ర తడిమి చూసింది. "ఏం రాసిండ్రు దీంట్ల?" అంది. "మన దగ్గర పైసలు లేవని రాసిండ్రు అమ్మీ" అన్నాను. "అరబ్ అని రాయలేదా?" లేదు. కులం గడిలో ఏముందో చదివి వినిపించాను, ఓసీ. ఆమె చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. ఆమె మనసులో ఏముందో నేను అడగలేదు.

ఖర్చు అడిగేవాళ్ల కోసం: మీసేవ రెండుసార్లు 90, ఆధార్ 50, నోటరీ 350, తర్జుమా 600, జిరాక్సులు, ఫొటోలు 140, ఆటోలు 1,180. జీతం కోత రెండున్నర రోజులు. ఎవరికీ చేయి తడపలేదు.

కౌన్సెలింగ్‌లో ఒరిజినల్ చూసి, దరఖాస్తులో బీసీ-ఇ అని ఉన్నదాన్ని ఓసీ-ఈడబ్ల్యూఎస్‌గా మార్చారు. అరగంట పని, అయినా మా అమ్మాయి చేతులు చల్లబడ్డాయి. జులైలో సీటు వచ్చింది, అడిగిన మూడో కాలేజీలో, ఈసీఈ. ఇంటికి బస్సులో గంటన్నర.

ఈ సర్టిఫికెట్ ఆ ఆర్థిక సంవత్సరం దాకానే చెల్లుతుంది. మార్చి 31 దాటితే, మళ్లీ అవసరం పడితే మళ్లీ మొదటి నుంచి. అఫిడవిట్ కాపీ, వాటా లెక్క రాసిన కాగితం, పన్ను రసీదు ఒక ఫైలులో పెట్టి సందూకులో ఒర పక్కనే ఉంచాను. ఏడెన్ స్టాంపుల కవర్ల మీద ముకల్లా చిరునామా ఉంది. మా అమ్మాయి దాన్ని ఫోన్‌లో ఫొటో తీసుకుంది. మా వాడు ఇప్పుడు తొమ్మిదో తరగతి. పోయిన వారం వాడి ఆధార్ తీసి చూశాను, బిన్ రెండుసార్లు పడింది. శనివారం పోయి సరిచేయించాలి.